పిడి లేని గొడుగు

“పిడి లేని గొడుగుందాండీ?”

మండే ఎండలో, మిట్టమధ్యాహ్నం, గొడుగుల దుకాణంలోకి వచ్చి ఎవరైనా ఈ మాట అడిగితే ఏమనుకోవాలి? ఎండదెబ్బ తగిలిందనుకోవాలి, లేదా వేళాకోళమనుకోవాలి. గొడుగుల అబ్బాయి వేళాకోళమే అనుకున్నాడు. ఒళ్ళో విరిగిన గొడుగు, పళ్ళ మధ్య దారం కొస పెట్టుకుని ఉన్నాడేమో, తలెత్తకుండానే జవాబిచ్చాడు.

“కర్ర లేనిదుంది. బట్ట లేనిదుంది. మూడూ లేనిది కావాలంటే ఊరికే ఇచ్చేస్తాం.”

“ఊరికే ఇచ్చేది మాకొద్దు. ఉడుత ఎక్కబోతే జారిపడాలి. పడుతుందా?”

అప్పుడు తలెత్తాడు.

భుజాన సంచీ, నుదుటికి అతుక్కుపోయిన జుట్టు, నవ్వు జాడైనా లేని ముఖం. నిజంగానే జవాబు కోసం ఎదురుచూస్తున్న పెద్ద పెద్ద కళ్ళు. ఉడుత గురించి ఇంత సీరియస్‌గా అడిగిన మనిషిని అతను బుద్ధెరిగాక చూడలేదు. దారం సంగతి మరిచిపోయి నోరు తెరిచాడు. దారం జారింది, దాంతోపాటు సూది జారింది, ఆ కంగారులో ఒళ్ళోని గొడుగు కూడా జారింది.

“జారుడు బాగానే ఉన్నట్టుంది,” అంది ఆమె.

గల్లా దగ్గరున్న పెద్దమ్మ కళ్ళజోడు సర్దుకుంది. దుకాణం పెద్దమ్మది. అతన్ని చిన్నప్పటినుంచీ పెంచిందీ, గొడుగు పని నేర్పిందీ ఆవిడే. దుకాణంలోకి వచ్చిన ఏ కథనీ సగంలో పోనివ్వదు.

“రా అమ్మా, కూర్చో. వీడి మాటలకేం గానీ. ఏ ఉడుత? ఏం చేసింది?”

ఆమె కూర్చుంది. పైకప్పు నిండా వేలాడుతున్న గొడుగుల కింద, ఫ్యాన్ గాలికి రంగురంగుల నీడలు ఆమె భుజాల మీద మెల్లగా కదులుతున్నాయి. ఆమె చెప్తుంటే అతను సగం విన్నాడు, సగం ఆ నీడల్నే చూశాడు. విన్న సగం ఇదీ.

ఆమె చెవుల క్లినిక్‌లో పనిచేస్తుంది. వినపడనివాళ్ళకి పరీక్షలు చేసి, చెవికి వినికిడి మెషీన్లు అమర్చుతుంది. వచ్చినవాళ్ళందరూ ‘చెవుల మేడమ్’ అంటారు. అందరి చెవులూ బాగుచేసే ఈ మేడమ్ ఇంట్లో సొంత నాన్నకి వినపడదు. ఆయన జీవితమంతా ప్రింటింగ్ ప్రెస్సులో పనిచేశాడు. పెద్ద మెషీన్ల పక్కన నిలబడి నిలబడి, రిటైరయ్యేనాటికి ఆ మోత తప్ప ఆయన చెవుల్లో ఇంకేమీ మిగల్లేదు.

“మంచి మెషీన్ తెచ్చానండీ. డబ్బా సొరుగులోనే ఉంది, పెట్టుకోడు. రోజంతా కిటికీ దగ్గర కుర్చీలో కూర్చుంటాడు. ఏమన్నా అంటే ‘నాకిలాగే బాగుంది’ అంటాడు.” ఆమె గొంతు తగ్గింది. “ఒకే ఇంట్లో ఉండి రోజురోజుకీ మాకు దూరమైపోతున్నాడు.”

“మరి ఉడుత?” అంది పెద్దమ్మ.

“అక్కడికే వస్తున్నా. ప్రెస్సు వెనక కిటికీ దగ్గరికి ఒక పిట్ట వచ్చేదట. పొట్ట పసుపుపచ్చ. భోజనం టైముకి మెషీన్లు ఆపగానే పాడేదట. ‘ఆ పిట్ట మన కిటికీకొచ్చి పాడితే అప్పుడు పెట్టుకుంటాలే’ అన్నాడు. నన్ను వదిలించుకోడానికే అన్నాడు. కానీ నేను వదిలే రకం కాదు. కిటికీ ఎదురుగా ఇనప స్తంభం పాతించి, పిట్టల మేతకి ఫీడర్ కట్టి, గింజలు పోశా. పిట్టలు వచ్చాయి. ఆ పసుపు పిట్ట కూడా ఒకసారి గోడ మీద వాలింది, నా కళ్ళతో చూశా. ఇంతలో దిగాడు ఇన్‌స్పెక్టర్.”

“పోలీసా?”

“ఉడుతండీ! రోజూ వస్తాడు, అంతా తనిఖీ చేస్తాడు, తన వాటా తీసుకుని పోతాడు. వాడుండగా ఒక్క పిట్ట దగ్గరికి రాదు.”

గొడుగుల అబ్బాయి కిందపడిన గొడుగు తీశాడు. విప్పి, కర్ర పట్టుకుని నిలబెట్టి చూశాడు. “అంటే స్తంభానికి, ఫీడర్ కింద, గొడుగు విప్పి బిగించాలి. వాడు ఎక్కుతూ వచ్చి, కప్పు తలకి తగిలి, దారి లేక దిగిపోవాలి. అంతేగా?”

ఆమె ముఖం వెలిగింది. “అంతే! ఇప్పటిదాకా అడిగిన చోటల్లా నవ్వారు.”

“నేనూ నవ్వాను కదండీ.”

“మీరు నవ్వలేదు. సూది పారేసుకున్నారు.”

ఆమె వెళ్ళాక ఆ సూది చాలాసేపు దొరకలేదు. అతను పెద్దగా వెతకనూ లేదు.

*

ఆదివారం పొద్దున నల్లగొడుగు చంకన పెట్టుకుని వాళ్ళింటికి వెళ్ళాడు. చిన్న ఇల్లు, ముందు తోట, తోటలోకి పెద్ద అద్దాల కిటికీ. అద్దం వెనక కుర్చీలో ఆమె నాన్న. తెల్లజుట్టు, ఇస్త్రీ చొక్కా, దేన్ని చూస్తున్నాడో తెలియని చూపు.

“ఏవండీ, టీ పెట్టనా?” వంటింట్లోంచి ఆమె అమ్మ అరిచింది. వీధి చివరిదాకా వినపడి ఉంటుంది. ఆయన కదల్లేదు. ఆవిడ విసుగ్గా ఎదురుగా వచ్చి నిలబడి, మామూలుగానే అడిగింది. “టీ పెట్టనా అంటున్నా.”

“చక్కెర తక్కువ,” అన్నాడాయన.

దగ్గరికొస్తే వినపడుతుంది కాబోలనుకున్నాడు గొడుగుల అబ్బాయి. తన పనిలో తాను పడ్డాడు.

పిడి ఊడదీసి గొడుగుని స్తంభానికి ఎక్కించి, బిగించి, ఇద్దరూ మెట్ల మీద కూర్చున్నారు. ఇన్‌స్పెక్టరు ఆలస్యం చెయ్యలేదు. తోక జెండాలా ఎత్తుకుని గోడ మీదుగా వచ్చి, స్తంభం ఎక్కి, కప్పు కింద ఆగి, తల అటూ ఇటూ తిప్పాడు.

“అయిపోయాడు,” అంది ఆమె గుసగుసగా.

వాడు తలకిందులుగా ఊచ పట్టుకుని నడిచాడు. ఊచ చివరున్న చిన్న టోపీని రెండు చేతులా పట్టుకుని, ఒక్క ఊపు ఊగి, పైన ఫీడర్ దగ్గర తేలాడు. తీరిగ్గా గింజ ఒలుచుకుంటూ వీళ్ళిద్దరినీ చూశాడు.

“ఆ టోపీలేంటండీ, ఊచల చివర?”

“దారిన పోయేవాళ్ళ కంట్లో గుచ్చుకోకూడదని ప్రతి గొడుక్కీ కుడతాం. అలవాటు.”

“నేనడిగింది పిడి లేని గొడుగు. మీరు చుట్టూతా పిడులు పెట్టి తెచ్చారు,” అని ఆమె పక్కున నవ్వింది. నవ్వీనవ్వీ మోకాళ్ళ మీద తల పెట్టుకుంది. అంత ఘోరంగా ఓడిపోయినందుకు అతనికి ఏ మూలా బాధ కలగలేదు.

అక్కణ్ణుంచి ఆదివారాలు ఒకదాని వెనక ఒకటి వచ్చాయి. నున్నటి బట్టతో గొడుగు చేస్తే ఇన్‌స్పెక్టరు కొరికి కిటికీ పెట్టుకున్నాడు. పిట్టలకి కారం తెలియదట, ఉడుతకి తెలుస్తుందట అని అమ్మ గింజల్లో మిరప్పొడి కలిపింది. ఇన్‌స్పెక్టరు ఒకసారి తుమ్మి, తల విదిలించి, భోజనం కొనసాగించాడు. స్తంభానికి గ్రీజు పూశారు. మర్నాటికి గ్రీజు నాన్న చొక్కా చేతికి కనిపించింది.

“ప్రెస్సు మానేసినా ఈయన చొక్కాకి నల్లమరక తప్పలేదు,” అని అమ్మ గొణుక్కుంటూ ఉతికేసింది. తోటలోకే రాని మనిషికి గ్రీజు ఎలా అంటిందని ఎవరూ అడగలేదు.

కాపలా కాసే వేళల్లో వాళ్ళిద్దరి మధ్యా కబుర్లు పెరిగాయి. ఒకరోజు ఆమె అంది, “కళ్ళు మూసుకోండి. మా క్లినిక్ పరీక్ష. ఏమేం వినపడుతున్నాయో చెప్పండి.”

మూసుకున్నాడు. “ఆకులు. ఎక్కడో సైకిల్ బెల్లు. మీ అమ్మగారు గిన్నె పెట్టిన చప్పుడు.”

“ఇంకా? సన్నగా ఉండేవి వినాలి.”

ఇంకా ఆమె ఊపిరి వినపడుతోంది. మెట్టు మీద ఆమె కాలి వేళ్ళు నెమ్మదిగా తాళం వేస్తున్నాయి. మబ్బు పట్టినట్టుంది, గాలిలో తడివాసన. ఈ మెట్టూ ఈ మబ్బూ ఇలాగే ఉండిపోతే బాగుండుననిపించింది.

“ఇంకేం లేవండీ,” అన్నాడు.

“ఫెయిల్,” అంది ఆమె.

ఆమె టీ కోసం లోపలికి వెళ్ళినప్పుడు అతను స్తంభం దగ్గర నట్లు బిగిస్తూ, గోడ మీద కూర్చున్న ఇన్‌స్పెక్టరుతో మాట్లాడేవాడు. అద్దం వెనక ఆయన ఉన్నా ఫర్వాలేదు, వినపడదు కదా. మర్యాదగా ఓసారి తలూపి, తన గోడు తాను చెప్పుకునేవాడు.

“ఒరేయ్ ఇన్‌స్పెక్టరూ, నువ్వు గెలిస్తే ఆమె ఏడుస్తుంది. నువ్వు ఓడిపోతే నేనేడవాలి. ఈ ఇంటికి రావడానికి నువ్వు తప్ప నాకింకో వంక లేదురా. ఆమంటే నాకు ప్రాణం. ఆమెతో చెప్పే ధైర్యం లేక నీతో చెప్తున్నా.”

ఇన్‌స్పెక్టరు విని, గింజ కోసం వెళ్ళిపోయేవాడు.

*

ఒక సాయంత్రం ఆమె దుకాణానికి వచ్చింది. కూర్చోలేదు.

“నాన్న ఇవాళ భోజనం ప్లేటు కూడా కిటికీ దగ్గరికే తెప్పించుకున్నాడు. వెనక నిలబడి పిలిచీ పిలిచీ అమ్మకి ఏడుపొచ్చేసింది. నెలాఖరులోగా ఆ మెషీన్ వాడకపోతే వాపసు ఇచ్చెయ్యాలి. ఇచ్చేద్దామనుకుంటున్నా. పిట్టా లేదు, పాటా లేదు.”

ఉడుత పేరెత్తితే మెరిసే ఆ కళ్ళలో ఇవాళ ఏ వెలుగూ లేదు. ఆమె వెళ్ళాక అతను దారం తెంపి, చేతిలో పని పక్కన పెట్టేశాడు.

అప్పటిదాకా చేసినవి మనసుపెట్టి చేశాడా? ఏమో. చెడగొట్టాలని చెయ్యలేదు గానీ, చెడిపోతే బాగుండునన్న ఆశ ప్రతి కుట్టులోనూ ఉంది. ఆ సంగతి అతనికి తెలుసు. ఇప్పుడు దళసరి, గాజులాంటి ప్లాస్టిక్ షీటు తీశాడు. మామూలు గొడుక్కి రెట్టింపు వెడల్పు కోశాడు. కింద ఊచలు లేవు, చివర టోపీలు లేవు, పట్టుకోవడానికి గోరంత చోటు లేదు.

పెద్దమ్మ చాలాసేపు చూసింది. “టోపీలు కుట్టకుండా నువ్వు గొడుగు చెయ్యడం ఇదే చూడ్డం. ఇది పనిచేస్తే నీ ఆదివారాలు ఏమవుతాయిరా?”

“ఖాళీ అవుతాయి పెద్దమ్మా.”

“తెలిసే చేస్తున్నావా?”

“తెలిసే.”

పెద్దమ్మ కత్తెర అందించింది.

అది పనిచేసింది. ఇన్‌స్పెక్టరు ఎక్కాడు, తల కొట్టుకున్నాడు, దిగాడు. గోడ మీంచి దూకాడు, జారాడు, గడ్డిలో పడ్డాడు. లేచి, తోక దులుపుకుని, ఎవరూ చూడలేదన్నట్టు నడిచివెళ్ళాడు.

“పడ్డాడు! పడ్డాడండీ!” ఆమె ఎగిరి అతని చెయ్యి పట్టేసుకుంది. తర్వాత ఇద్దరూ ఆ చేతుల వైపు చూశారు. ఆమె వెంటనే వదల్లేదు. నెమ్మదిగా, ఒక్కో వేలే విప్పుతున్నట్టు వదిలింది.

ఆ రోజు ఇంటికి ఎలా చేరాడో అతనికి తెలియదు. సంతోషమూ దిగులూ ఇంత బాగా కలిసిపోతాయని కూడా అప్పటిదాకా తెలియదు.

రెండ్రోజులకే ఫోనొచ్చింది. “ఫీడర్ మళ్ళీ ఖాళీ అండీ. గొడుగు మీద ఒక్క గీత కూడా లేదు. పొట్టు మాత్రం కుప్పగా ఉంది. గాల్లో ఎగిరొచ్చాడా వీడు?”

*

గాల్లో ఎలా వచ్చాడో చూద్దామని మర్నాడు మధ్యాహ్నం దుకాణం పెద్దమ్మకి అప్పగించి, చెప్పకుండా బయల్దేరాడు. ఆమె క్లినిక్‌లో ఉంటుంది. సన్నగా జల్లు పడుతోంది. గేటు పక్క చెట్టు చాటున గొడుగు వేసుకుని నిలబడ్డాడు.

కిటికీ రెక్క తెరుచుకుంది.

లోపల్నించి పొడవాటి పరదాల కర్ర ఒకటి మెల్లమెల్లగా బయటికొచ్చింది. ఆ వెనకే ఇస్త్రీ చొక్కా చేతులు. కర్ర కొస ఫీడర్ అంచున ఆనింది. ఎక్కడున్నాడో గానీ ఇన్‌స్పెక్టరు కిటికీ గట్టెక్కి, తన సొంత వరండాలో నడిచినట్టు ఆ వంతెన మీద దర్జాగా నడిచాడు. గింజలు దవడల్లో కుక్కుకుంటూ, జారబోయి, తోకతో నిలదొక్కుకున్నాడు. లోపల ఆయన భుజాలు కదిలిపోతున్నాయి. చప్పుడు లేకుండా, కళ్ళు తుడుచుకుంటూ నవ్వుతున్నాడు. ఆయన నవ్వడం అతను ఎప్పుడూ చూడలేదు.

అతను గొడుగు ముడిచి చంకన పెట్టుకుని ముందుకొచ్చాడు. ఆయన ఉలిక్కిపడి కర్ర వదిలేశాడు. కిందపడకుండా అతను పట్టుకున్నాడు. చెదిరిన గింజలు కొన్ని అతని అరచేతిలో పడ్డాయి.

“ఇదేంటి అంకుల్?” అన్నాడు, తనలో తాను అనుకున్నంత చిన్నగా.

“వంతెన,” అన్నాడాయన.

అతను నిలబడిపోయాడు. “మీకు వినపడుతుందా?”

“చెవులతో కాదోయ్. ప్రెస్సులో మెషీన్ తిరుగుతుంటే ఎవరి మాట ఎవరికి వినపడుతుంది? హాలుకి ఆ చివరున్నవాడితో కూడా పెదాలతోనే మాట్లాడుకునేవాళ్ళం. గొంతు వాడితే దండగ. ముఖం కనపడితే చాలు, అద్దం అడ్డమున్నా పర్లేదు.”

గొడుగుల అబ్బాయి ఇన్‌స్పెక్టరు వైపు తిరిగి చూశాడు.

“అంటే... ఆదివారాలు... నేను ఉడుతతో...”

“‘ఆమంటే నాకు ప్రాణం.’ పెదాలు భలే స్పష్టంగా కదుపుతావు. మా ప్రెస్సులో పనికొచ్చేవాడివి.”

భూమి చీలితే బాగుండుననుకున్నాడు. అది చీలకపోయేసరికి ధైర్యం తెచ్చుకుని అడిగాడు. “మీ అమ్మాయి ఎంత బాధపడుతున్నారో తెలుసా అంకుల్? రోజూ చూస్తున్నారు కదా. ఎందుకిలా?”

ఆయన నవ్వు ఆగిపోయింది. కిటికీ గట్టు మీద చేతులు పెట్టుకుని కాసేపు తోటకేసి చూశాడు.

“వీడి ఆటకి చెవులక్కర్లేదు, అందుకని నాకు వీడంటే ఇష్టం. అదొకటి. ఇంకోటి ఏంటంటే, ఆ పిట్ట వచ్చిందనుకో, నేను మెషీన్ పెట్టుకోవాలి. పెట్టుకున్నా ఆ పాట వినపడకపోతే? ఇప్పుడైతే సొరుగులో డబ్బా ఉంది. అందులో పిట్ట పాట ఉందనుకుంటా. తెరిచాక ఖాళీ అని తేలితే మా అమ్మాయి ముఖం నేనెలా చూడను? దానికి ఉద్యోగమే అది.”

అతనికి కోపం రావలసింది. రాలేదు. తనూ ఆమెతో చెప్పకుండా ఒక మాట సొరుగులో దాచుకున్నవాడే. చెప్పనంతవరకూ ఆమె కాదనలేదు కదా అన్న ధైర్యంతోనే ఇన్ని ఆదివారాలు గడిపాడు.

“ఒప్పందం చేసుకుందాం,” అన్నాడాయన. “నా సంగతి నువ్వు చెప్పకు. నీ సంగతి నేను చెప్పను.”

గేటు చప్పుడైంది.

ఆమె! తడిసిన సంచీ తల మీద పెట్టుకుని, క్లినిక్ నుంచి తొందరగా వచ్చేసిన చెవుల మేడమ్. ఆమెకి కనిపించిందేమిటి? ఫీడర్‌కీ కిటికీకీ మధ్య కర్ర. కర్ర కొస అతని చేతిలో. ఇంకో చేతిలో గింజలు. పక్కనే బుగ్గలుబ్బించుకుని ఇన్‌స్పెక్టరు.

“మీరా?” అంది.

అతను నోరు తెరిచాడు. కిటికీలో ఆయన పెదాలు కదిలాయి. ఆ ఒక్క మాట చదవడానికి ప్రెస్సులో పని చెయ్యక్కర్లేదు. ‘చెప్పకు.’

“గొడుగు బిగించేదీ మీరే, వంతెన వేసేదీ మీరేనా? అందుకేనా ప్రతిసారీ ఓడిపోయింది?”

“వాడు గెలవాలని నేను కోరుకున్న మాట నిజమేనండీ,” అన్నాడు. అది అబద్ధం కాదు.

ఆమె అరవలేదు. అరిస్తే బాగుండేది. “మా నాన్న మళ్ళీ మా మధ్యకొచ్చి కూర్చుంటాడని నేను ఆశ పెట్టుకుంటే, అది మీకు కాలక్షేపమైందా? ఇంక రాకండి.”

కర్ర గోడకి ఆనించి, గింజలు ఫీడర్‌లో వేసి వెళ్ళిపోయాడు. చంకలో గొడుగు ఉన్న సంగతి దుకాణం చేరేదాకా గుర్తురాలేదు.

*

అసలు వానలు మొదలయ్యాయి. దుకాణం ఎప్పుడూ లేనంత కిటకిటలాడుతోంది. విరిగిన ఊచలు, చిరిగిన బట్టలు, తుప్పుపట్టిన స్ప్రింగులు. అతను తలవంచుకుని కుడుతూనే ఉన్నాడు.

“నిజం చెప్పేసి ఉండొచ్చు కదరా,” అంది పెద్దమ్మ.

“ఆయన వద్దన్నారు.”

“ఆయన నిజం సరే. నీ నిజం?”

అతను ఇంకో గొడుగు అందుకున్నాడు.

జోరుగా కురుస్తున్న ఒక మధ్యాహ్నం, గుమ్మంలో ఎవరో నిలబడ్డారు. తల మీంచి నీళ్ళు కారుతున్నాయి.

“పిడి ఉన్న గొడుగుందాండీ?”

సూది వేలికి గుచ్చుకుంది. తలెత్తాడు. అవే కళ్ళు.

“ఉంది,” అన్నాడు. “మీరిలా తడుస్తూ...”

“ఇంట్లో ఉన్న ఒక్క గొడుగూ నాన్న లాక్కున్నాడు. దాన్ని వదలడం లేదు.” ఆమె నవ్వబోయింది, అది ఏడుపులోకి జారబోయింది. “నిన్న తోటలో నిలబడి అమ్మతో అన్నా, ‘ఆయన అలాంటివాడనుకోలేదమ్మా’ అని. కిటికీ మూసే ఉంది. నాన్న తలుపు తీసుకుని బయటికొచ్చి, ‘అతను కాదు, నేను’ అన్నాడు. మూసిన అద్దంలోంచి! సంచీలోంచి కాగితం తీసి నోటికి అడ్డం పెట్టుకుని ‘నాన్నా’ అన్నా. పలకలేదు. కాగితం తీసేసి, గొంతు లేకుండా ‘నాన్నా’ అన్నా. ‘ఊఁ’ అన్నాడు. క్లినిక్‌లో ఎవరొచ్చినా మొట్టమొదట చేసే పరీక్ష ఇదే. ఇంట్లో ఒక్కసారి చెయ్యలేదు నేను.”

“అన్నీ చెప్పేశారా ఆయన?”

“కర్ర సంగతీ, భయం సంగతీ చెప్పాడు. ‘వినపడకపోతే వినపడకపోనీ నాన్నా, నా పక్కన కూర్చో చాలు’ అన్నా. తనే వెళ్ళి సొరుగు తెరిచాడు.” కళ్ళు తుడుచుకుని, ఒక్కసారిగా కోపం తెచ్చుకుంది. “మీకేం పోయింది? నేనన్ని మాటలంటుంటే నిలబడి విన్నారే!”

“ఆయన అడిగారండీ.”

“ఆయన ఏదడిగినా చేస్తారా?”

“మీ ఇంట్లో ఎవరడిగినా చేస్తాను.”

పెద్దమ్మ ఉన్నట్టుండి గల్లాపెట్టె సర్దడంలో మునిగిపోయింది. ఆమె చెవులు ఎర్రబడ్డాయి. చెవుల మేడమ్ కదా, అన్నీ అక్కడే తెలిసిపోతాయి.

“నాన్న బయటున్నాడు. లోపలికి రమ్మంటే రావడం లేదు,” అంది, తల తిప్పుకుని.

గొడుగుల అబ్బాయి చూరు కిందకి వచ్చాడు. రోడ్డు పక్కన, పాత గొడుగు కింద, ఆయన తల ఓ వైపు వాల్చి నిలబడి ఉన్నాడు. చెవుల వెనక చిన్న మెషీన్లు.

“లోపలికి రండి అంకుల్, తడుస్తారు.”

“ఉండవోయ్, ఒక్క నిమిషం.” ఆయన గొడుగు కొంచెం పైకెత్తాడు, మళ్ళీ దించాడు. “బట్ట మీద వాన ఇలా మాట్లాడుతుందని మరిచేపోయాను. రోజూ ఈ చప్పుడు మధ్య పనిచేస్తావా? అదృష్టవంతుడివి.”

“మరి పసుపు పిట్ట?”

“పొద్దున వచ్చింది. నోరు తెరిచింది. సగం పాట వినపడింది. మిగతా సగం నాకు గుర్తుందిలే.” ఆయన కళ్ళు తడిగా మెరిశాయి. “ఇన్‌స్పెక్టరు సంగతి మాత్రం అడక్కు. ఇన్నాళ్ళూ స్నేహితుడనుకున్నా. గోడ మీద కూర్చుని నన్ను ఎంతలేసి తిట్లు తిడుతున్నాడోయ్! వంతెన తీసేశానని. వాడికి ఇంటి వెనక వేరే గిన్నె పెడదాం. తడవకుండా దాని మీదికో గొడుగు చేసిపెట్టు. చివర ఆ టోపీలు కుట్టడం మరిచిపోకు, వాడు పట్టుకోవాలిగా.”

“అలాగే అంకుల్.”

“ఇంకొకటుంది.” ఆయన గొంతు మారింది. ఆమె అప్పటికే చూరు కిందకి వచ్చి నిలబడింది. “ఉడుతతో నువ్వన్న మాటొకటి ఉంది. దాన్ని నేను చూశాను గానీ వినలేదు. నా సొరుగు నేను తెరిచాను. నీది నువ్వు తెరువు. గట్టిగా చెప్పు.”

“ఏ మాట?” అంది ఆమె.

చూరు మీంచి నీళ్ళు ధారగా పడుతున్నాయి. వీధంతా ఆ ధార అవతల మసకగా కరిగిపోయింది. ఇవతల ఆమె ఉంది, తడిసిన జుట్టుతో, ఆ పెద్ద కళ్ళతో, నిజంగానే జవాబు కోసం ఎదురుచూస్తూ. మొదటి రోజూ ఇలాగే చూసింది. ఆమె కాదంటుందేమోనన్న భయం ఇంకా ఉంది. అయినా ఈసారి అతను ఉడుత కోసం వెతకలేదు.

“మీరంటే నాకు ప్రాణం,” అన్నాడు. వాన మోతని మించి, రోడ్డవతల టీకొట్టు దాకా వినపడేటట్టు. “ఉడుత ఉన్నా లేకపోయినా మీ ఇంటికి రావాలనుంది. ఈ మాట చెప్పలేక ఇన్ని గొడుగులు చేశాను.”

టీకొట్టులో ఎవరో ఈల వేశారు. లోపల పెద్దమ్మ “హమ్మయ్య” అంది.

ఆమె ఒక అడుగు దగ్గరికొచ్చింది. అతన్నే చూసింది. తర్వాత ఆమె పెదాలు కదిలాయి. నెమ్మదిగా, ఒక్కో అక్షరమూ విడివిడిగా. గొంతు మాత్రం లేదు.

అతనికి ఒక్క ముక్క అర్థం కాలేదు. గాభరాగా ఆయన వైపు తిరిగాడు.

“ఆమె ఏమన్నారు అంకుల్?”

ఆయన గొడుగు కాస్త వాల్చి, నవ్వు దాచుకుంటూ ముఖం అటు తిప్పుకున్నాడు.

“నేనిప్పుడు చెవులతో వింటున్నానోయ్. పెదాలు చదివే పని ఇకనుంచి నీది. ఆదివారం రా, నేర్పిస్తా. మీ పెద్దమ్మని కూడా తీసుకురా.”